సరిపోలలేదు

ఏటా జనవరిలో వచ్చేవాళ్లు,
టైపు మిషన్లను దుప్పట్లలో చుట్టి
జ్వరమొచ్చిన పిల్లల్ని ఎత్తుకొచ్చినట్టు,
బ్రయిల రేవు పక్కనున్న మా మిలీషియా ఠాణాకి.
ఒక్కొక్కరూ నా బల్ల ముందు కూర్చుని
ఉన్న అక్షరాలన్నీ, అంకెలన్నీ, కామాతో సహా
ఒక కాగితం మీద కొట్టి ఇవ్వాలి. చట్టం.
మనుషులకి వేలిముద్రలున్నట్టే
మిషన్లకీ ఉంటాయని చట్టానికి తెలుసు.

నేను సార్జెంట్ గ్లిగోర్‌ని.
నా ఆయుధం భూతద్దం.
గోడల మీద, ట్రాము సీట్ల కింద దొరికిన కాగితాల్ని
బీరువాలోని నమూనాలతో పోల్చేవాణ్ణి.
"ఆకారం చూడు, అర్థం చూడకు"
మొదటిరోజే అన్నాడు మా కెప్టెన్.
మంచి సలహా. పదకొండేళ్లు
చదవకుండా చూశాను,
కసాయి మేక కళ్లలోకి చూడనట్టు.

ఎనభై ఆరు, ఫిబ్రవరి.
గదిలో వేడి లేదు, చేతి తొడుగుల్తోనే పని.
చేపల బజారులో దొరికిందొక కాగితం,
కార్బన్ కింద ఆరోదో ఏడోదో, ఊదారంగు మసక.
తె అక్షరానికి అడ్డగీత ఎడమవైపు విరిగింది.
చూడగానే తెలిసింది.
మంత్రసాని జంఫీరా మిషను.
నమూనా ఇచ్చిన రోజు ఆమె వేళ్ల దగ్గర
క్లోరిన్ వాసన.

పాలని మా భాషలో లాప్తె అంటాం.
విరిగిన తె కోసం వెతుకుతూ
ఆ మాట మీద ఆగింది నా అద్దం.
ఆగకూడదు. ఆగింది.
నాలుగో వార్డులో పాలు లేవు, చదివాను.
కింద పదకొండు వరసలు.
తల్లి పేరు, తేదీ.
బిడ్డ పేరు దగ్గర:
ఇంకా పెట్టలేదు.
ఇంకా పెట్టలేదు.
ఇంకా

రిపోర్టులో ఒక్క మాట రాశాను.
సరిపోలలేదు.
సంతకం చేశాను. చెయ్యి వణకలేదు.
ఇంటికెళ్లి క్యాబేజీ సూపు తాగాను.

ఇక్కడ ఆపితే నేను మంచివాణ్ణి.
మనవరాలికి ఇక్కడిదాకే చెప్పాను.

కెప్టెన్‌కి ఎవరో ఒకరు కావాలి.
తనే బీరువా తెరిచాడు, భూతద్దం అడగలేదు.
భూగోళం చెప్పే పరస్కివ్ మాష్టారి మిషన్‌లోనూ
తె కుంటిదే, కాకపోతే కుడివైపు.
"అచ్చుగుద్దినట్టుంది," అన్నాడు.
నా మాట కిందే తన మాట రాశాడు:
సరిపోలింది.
రెంటికీ తేడా ఒక్క లేదు.
నేను నోరు విప్పొచ్చు, అది కుడి, ఇది ఎడమ అని.
విప్పితే, ఎడమది ఎవరిదని అడుగుతాడు.
ఆ రాత్రంతా కుడీ ఎడమా, కుడీ ఎడమా,
కవాతు చేసినట్టు.
మాష్టారికి రెండో చలికాలం రాలేదు.
జంఫీరా ఇంకో ఇరవయ్యేళ్లు పురుళ్లు పోసింది.
ఈ లెక్క నాకు ఎప్పుడూ తేలలేదు.

ఇప్పుడు ఫైళ్లు అడిగితే చూపిస్తారు, బుకారెస్టులో.
పింఛను పనని ఇంట్లో చెప్పి వెళ్లాను.
పక్క కుర్చీలో ఒకావిడ, యాభై దాటి ఉంటాయి,
ఫైలు నావైపు తిప్పింది.
"పెద్దాయనా, ఈ చేతిరాత అంతుపట్టడం లేదు,
కాస్త చదివి పెడతారా?"
అట్ట మీద పరస్కివ్ అని ఇంటిపేరు.
లోపల నా రాత, కుడికి వాలి,
ఎవరో తరుముతున్నట్టు.

కళ్లజోడు కోసం జేబులు తడుముకున్నాను,
దొరికాక కూడా, కాసేపు.

"సరిపో..." అన్నాను.
ఆమె పెన్సిలు పట్టుకుని
మిగతా సగం కోసం నా నోటివైపు చూస్తోంది.